మూడు వేల రూపాయల కోట్‌పాడ్

కోట్‌పాడ్ పరగణా బస్తర్‌దా, జయపురానిదా అన్న తగాదాను 1863లో సెంట్రల్ ప్రావిన్సెస్ ప్రభుత్వం తేల్చేసింది. పరగణా జయపురానిదే. బదులుగా జయపురం రాజా ఏటా మూడు వేల రూపాయలు కట్టాలి. అందులో రెండు వంతులు, అంటే రెండు వేలు, బస్తర్ రాజు సర్కారుకు చెల్లించే కప్పంలోంచి తగ్గిస్తారు. తీర్పు చెప్పిన పెద్దమనిషికి కూడా ఏటా వెయ్యి మిగిలిందన్నమాట.

ఆ తీర్పు నాటికి పరగణా చేతులు మారి ఎనభై అయిదేళ్లు. ఆ ఎనభై అయిదేళ్లలో దీనికోసం బస్తర్, జయపురం సంస్థానాలు కొట్టుకుంటూనే ఉన్నాయి. ఈ వైరం వల్ల అక్కడి సీమ చాలాకాలం అరాచకంలో పడి ఉందని ఇంగ్లీషువారి గెజిటీర్లు రాసిపెట్టాయి. ఇంత రగడకూ మూలం ఒక రాజుగారి అవసరం.

బస్తర్ రాజులు తమది ఓరుగల్లు కాకతీయ వంశమని చెప్పుకున్నారు. ప్రతాపరుద్రుడి తమ్ముడు అన్నమదేవుడు గోదావరి దాటి వచ్చి, దంతేశ్వరి అమ్మవారి అండతో ఇక్కడ రాజ్యం నిలబెట్టాడన్నది వాళ్ల వంశకథ. ఆ వంశంలో దళపత్ దేవ్ తర్వాత కొడుకుల మధ్య గద్దె తగువు వచ్చింది. ఒకరు దరియావ్ దేవ్, రెండోవారు డోంగర్ ప్రాంతాన్ని ఏలుతున్న అజ్మేర్ సింగ్. హల్బా తెగ సైనికులు అజ్మేర్ సింగ్ పక్షాన నిలిచారు. 1774లో దరియావ్ దేవ్ ఓడి, సరిహద్దు దాటి జయపురం చేరాడు.

గద్దె పోయినవాడి దగ్గర డబ్బుండదు, సైన్యమూ ఉండదు. ఉన్నదల్లా తిరిగి రాజునవుతానన్న ఆశ, రాజునయ్యాక ఇస్తానన్న మాట. ఆ మాట మీదే జయపురం రాజా విక్రమదేవ్ సాయానికి దిగాడు. నాగపూర్ భోంస్లేలూ చేయి కలిపారు. దరియావ్ దేవ్ గెలిచాడు, హల్బాలు ఘోరంగా నలిగిపోయారు. 1778 ఏప్రిల్‌లో కోట్‌పాడ్‌లో సంధి కుదిరింది. పరగణా జయపురానికి పోయింది. అంతవరకూ ఎవరికీ తలవంచని బస్తర్ నాగపూర్ మరాఠాలకు ఏటా ‘టకోలీ’ అనే కప్పం కట్టడానికి ఒప్పుకుంది. ఒక్క గద్దె కోసం రెండు బాకీలు: ఒకటి భూమి రూపంలో, ఒకటి నగదు రూపంలో.

దరియావ్ దేవ్ లెక్క తప్పని అనడం తేలిక కాదు. ఆ రోజు అతని ముందున్న ప్రశ్న కోట్‌పాడ్ విలువ ఎంత అన్నది కాదు; గద్దె కావాలా వద్దా అన్నది. ఇల్లు కొనేవాడూ బ్యాంకులో కూర్చున్నప్పుడు ఇదే ప్రశ్న వేసుకుంటాడు. ఇరవై ఏళ్లలో మొత్తం ఎంత కడతాం అన్నది ఆ క్షణంలో దూరపు మాట, నెలకు ఎంత పడుతుంది అన్నదే దగ్గరి మాట.

నగదు బాకీ ఏమైందో చూస్తే కథ ఇంకా తెలుస్తుంది. కప్పం ఏటా సక్రమంగా వెళ్లలేదు, బాకీలు పేరుకున్నాయి. 1830లో మహిపాల్ దేవ్ కాలంలో, ఆ బాకీ కింద సిహావా పరగణా నాగపూర్‌కు పోయింది. ఇది చిన్న సంగతిలా కనిపించవచ్చు. కానీ సిహావా కొండలంటే మహానది పుట్టే చోటు. ఆ పరగణా మళ్లీ బస్తర్‌కు రాలేదు. ఇవాళ అది ధమ్తరి జిల్లాలో ఉంది.

కోట్‌పాడ్ సంగతి ఇంకా విచిత్రం. జయపురం జమీందారీ మద్రాసు రాజధానిలో విశాఖపట్నం జిల్లా కింద ఉండేది. అందువల్ల ఒకప్పటి బస్తర్ పరగణా లెక్కలన్నీ విశాఖకు చేరాయి. అదే జయపురం వంశంలో తరువాతి కాలపు విక్రమదేవ వర్మ ఆంధ్ర విశ్వవిద్యాలయానికి మహాదాతగా నిలిచాడు, అక్కడి సైన్సు కళాశాలకు ఆయన పేరే ఉంది. బస్తర్ రైతు కట్టాల్సిన శిస్తులో ఏ కాస్తయినా చుట్టు తిరిగి వాల్తేరు కొండమీద చదువుగా మారిందేమో అని తెలుగు పాఠకుడికి అనిపిస్తే తప్పు లేదు. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా రాష్ట్రం ఏర్పడినప్పుడు జయపురంతోపాటు కోట్‌పాడ్ కూడా అటు వెళ్లింది. 2005లో భౌగోళిక గుర్తింపు పొందిన కోట్‌పాడ్ చేనేత ఒడిశా పేరు మీదే నమోదైంది.

ఇక నీళ్లు. కలహండి కొండల్లో పుట్టిన ఇంద్రావతి ఒడిశా మీదుగా వచ్చి జగదల్‌పూర్ పక్కనుంచి పారి, చిత్రకోట్ దగ్గర జలపాతమై దూకి, భద్రకాళి వద్ద గోదావరిలో కలుస్తుంది. కోట్‌పాడ్ వైపు సరిహద్దులో జోరా నాలా అనే వాగు ఈ నది నీళ్లను కొలాబ్ వైపు, అంటే శబరి వైపు మళ్లించేస్తోంది. 1975లో ఒడిశాకూ, అప్పట్లో బస్తర్ ఉన్న మధ్యప్రదేశ్‌కూ కుదిరిన ఒప్పందం ప్రకారం సరిహద్దు దగ్గర ఒడిశా 45 టీఎంసీలు వదలాలి. వేసవిలో చిత్రకోట్ ధార సన్నబడ్డప్పుడల్లా జగదల్‌పూర్‌లో జోరా నాలా పేరు వినబడుతుంది. 1778 సంధే ఈ తగువుకు కారణమని చెప్పడం అతి. కానీ ఆ పరగణా బస్తర్‌లోనే మిగిలి ఉంటే అక్కడి సరిహద్దు గీత మరోచోట పడేది, ఇంటి తగువు రెండు రాష్ట్రాల తగువు అయ్యేది కాదు. శబరి కూడా కూనవరం దగ్గర గోదావరిలోనే కలుస్తుంది కాబట్టి, ఆ నీళ్లు ఎటు వెళ్లినా చివరికి గోదావరికే చేరతాయి.

న్యాయశాస్త్రం దృష్టిలో కోట్‌పాడ్ తాకట్టు కాదు, ఇచ్చివేత. తాకట్టు అయితే విడిపించుకునే హక్కు ఉంటుంది. 1882 ఆస్తి బదిలీ చట్టం ఆ హక్కును గట్టిగా నిలబెట్టింది. అయితే గడువు దాటితే అదీ పోతుంది. 1908 కాలపరిమితి చట్టంలో ఆ గడువు అరవై ఏళ్లు, 1963 చట్టంలో ముప్పై. రాజుల మధ్య గడువూ లేదు, కోర్టూ లేదు. అందుకే వాళ్లు కత్తులు పట్టారు.

మామూలు మనుషుల మధ్య చెలామణీ అయింది భోగ్య తనఖా. భూమి అప్పిచ్చినవాడి చేతికి వెళుతుంది, దాని పంట వడ్డీ కింద చెల్లు, అసలు మాత్రం అంగుళం కదలదు. భూమి లేనివాడు మనిషినే ఇచ్చాడు. బస్తర్‌లో దాన్ని కబాడి అన్నారు. 1927 నుంచి 1931 వరకు బస్తర్ పాలనాధికారిగా ఉన్న గ్రిగ్సన్ మారియా గోండుల మీద 1938లో వెలువడిన తన గ్రంథంలో దీని గురించి రాశాడు. పెళ్లి ఖర్చుకు అప్పు తీసుకున్న మనిషి అప్పిచ్చినవాడి పొలంలో చేరతాడు. చేసిన చాకిరీ వడ్డీకి సరిపోతుంది. అసలు తీర్చడానికి వేరే సంపాదన కావాలి, సంపాదించడానికి సమయం ఉండదు. పక్కనే జయపురం, విశాఖ ఏజెన్సీలో ఇదే పద్ధతికి గొత్తి అని పేరు. మద్రాసు ప్రభుత్వం 1940లో తన ఏజెన్సీ వరకు దాన్ని రద్దు చేస్తూ నిబంధన తెచ్చింది; జయపురం అప్పటికే ఒరిస్సాలో ఉంది. దేశం మొత్తానికీ వెట్టి రద్దు 1975 అక్టోబరులో ఆర్డినెన్సుగా, 1976లో చట్టంగా వచ్చింది. ఆ చట్టంలో దేశమంతటి వెట్టి పేర్లను వరుసగా రాశారు. ఆ వరుసలో జీత, పాలేరు, వెట్టి అన్న మాటలు కనిపిస్తాయి. తెలుగువారు గర్వపడాల్సిన జాబితా కాదది.

అంతకుముందే వడ్డీకి ముకుతాడు వేసిన చట్టం ఒకటుంది. 1917లో మద్రాసు ప్రభుత్వం గంజాం, విశాఖ, గోదావరి ఏజెన్సీలకు వడ్డీ, భూ బదిలీ చట్టం తెచ్చింది. కొండజాతివారి దగ్గర ఏడాదికి నూటికి ఇరవై నాలుగుకు మించి వడ్డీ రాబట్టకూడదు. చక్రవడ్డీ పనికిరాదు. వసూలయ్యే వడ్డీ మొత్తం అసలును మించకూడదు. ఇరవై నాలుగు శాతం అంటే మన ఊళ్లలో అనే రెండు రూపాయల వడ్డీయే. అంత వడ్డీని గరిష్ఠమని చట్టం చెప్పాల్సి వచ్చిందంటే, అంతకుముందు ఎంత నడిచి ఉంటుందో ఊహించుకోవచ్చు. వడ్డీ అసలును మించరాదన్న నియమం మాత్రం కొత్తది కాదు. ధర్మశాస్త్రాల కాలం నుంచీ ఉన్నదే. జయపురం కిందికి వెళ్లినందువల్ల కోట్‌పాడ్ ఆదివాసులకు ఈ చట్టం నీడ దొరికింది. సరిహద్దుకు ఇవతల బస్తర్ సంస్థానంలో రాజ్యం వేరు, చట్టం వేరు.

ఇప్పుడు జగదల్‌పూర్‌లోనో, ఖమ్మంలోనో ఒక ఉద్యోగి ఇరవై లక్షల గృహరుణం తీసుకున్నాడనుకుందాం. తొమ్మిది శాతం వడ్డీ, ఇరవై ఏళ్ల గడువు. మన లెక్కలో ముప్పావలా వడ్డీ. ధర్మవడ్డీ అనుకునే రూపాయి కంటే కూడా తక్కువ. నెలవారీ వాయిదా సుమారు 17,995 రూపాయలు. మొదటి నెల అందులో 15,000 వడ్డీకే పోతుంది, అసలుకు జమయ్యేది మూడు వేలకు కాస్త తక్కువ. పదేళ్లు తప్పకుండా కడితే అప్పటికి చేతినుంచి వెళ్లింది 21 లక్షల 59 వేలు. ఇంకా ఉన్న బాకీ 14 లక్షల 20 వేలు. అసలు సగానికి దిగడానికి పద్నాలుగేళ్లు పడుతుంది. చివరి వాయిదా నాటికి మొత్తం చెల్లింపు 43 లక్షల 19 వేలు. అందులో వడ్డీ 23 లక్షల 19 వేలు, అసలు కంటే ఎక్కువ. పాత నియమం పేరుకుపోయిన వడ్డీకి వర్తించేది గానీ నెలనెలా కట్టేసే వడ్డీకి కాదు గనుక దీన్ని దాని ఉల్లంఘన అనలేం. ఇరవై ఏళ్ల తర్వాతి రూపాయి నేటి రూపాయంత బరువు ఉండదన్నదీ నిజమే. ఇంట్లో ఉంటున్నందుకు అద్దె మిగులుతుంది. అయినా ఈ లెక్క ముందే వేసి చూసినవారు తక్కువ.

వడ్డీ మారే రుణమైతే లెక్క మరీ చిక్కు. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి దాకా రిజర్వు బ్యాంకు రెపో రేటును 4 నుంచి 6.5 శాతానికి పెంచింది. అంతకుముందు 6.75 శాతానికి ఇరవై లక్షలు తీసుకున్నవాడి వాయిదా 15,207 రూపాయలు. రేటు రెండున్నర శాతం పెరిగి 9.25 అయితే, ఇరవై లక్షల మీద నెల వడ్డీయే 15,416. వాయిదా పెంచకుండా గడువు మాత్రమే సాగదీస్తే ఆ అప్పు ఎన్నటికీ తీరదు. కట్టినదంతా వడ్డీకే చాలదు. కబాడి పొలంలో జరిగింది ఇదే. అప్పట్లో చాలా బ్యాంకులు వాయిదా ముట్టుకోకుండా గడువునే పెంచుకుంటూ పోయాయి. 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు జోక్యం చేసుకుని, రేటు మారినప్పుడు వాయిదా పెంచాలో గడువు పెంచాలో ఎంచుకునే వీలు రుణగ్రహీతకు ఇవ్వాలని, వాయిదా కనీసం ఆ నెల వడ్డీకైనా సరిపోవాలని ఆదేశించింది. 2024 అక్టోబరు నుంచి ఇతర రుసుములన్నీ కలిపిన వార్షిక రేటు ఎంతో ఒక కాగితం మీద ముందే చూపించాలన్న నియమమూ వచ్చింది.

ఈ భారం తగ్గించుకునే దారి లేకపోలేదు. మారే వడ్డీ గృహరుణాన్ని ముందే తీర్చేస్తే బ్యాంకులు జరిమానా వేయకూడదని 2012లోనే నియమం పెట్టారు. పై తొమ్మిది శాతం ఉదాహరణలో ఏడాదికి ఒక్క వాయిదా అదనంగా కడితే అప్పు దాదాపు మూడున్నరేళ్ల ముందే ముగుస్తుంది, నాలుగున్నర లక్షలకు పైగా మిగులుతుంది.

అయితే ఈ లెక్కలన్నీ తాకట్టు పెట్టగల ఆస్తి ఉన్నవాళ్లవి. బస్తర్‌లో ఆదివాసీ భూమిని ఆదివాసేతరుల పరం కాకుండా 1959 నాటి భూ రెవెన్యూ స్మృతిలోని 165వ సెక్షను కాపాడుతుంది. ఇది తెలుగువారికి తెలిసిన 1/70 చట్టానికి చుట్టం లాంటిది. 1980లో చేర్చిన 170-బి సెక్షను పాత బదిలీలను కూడా తవ్వి తీస్తుంది. 2006 అటవీ హక్కుల చట్టం కింద వచ్చిన పట్టా వారసులకు దక్కుతుంది గానీ అమ్మడానికి, బదలాయించడానికి కుదరదు. వేలం వేసినా కొనేవాళ్లు దొరకడం కష్టమైన భూమి మీద బ్యాంకు గృహరుణం ఇవ్వడానికి ఉత్సాహపడదు. భూమి నిలుస్తుంది, అప్పు మాత్రం పుట్టదు. బస్తర్ లాంటి జిల్లాల్లో ప్రధానమంత్రి గ్రామీణ ఆవాస్ యోజన ఇంటికి ఇచ్చే సాయం లక్షా ముప్పై వేలు. గోడలు అంతకంటే పైకి లేవాలంటే మిగతాది స్వయం సహాయక సంఘం నుంచో, బంధువుల నుంచో, లేదంటే సంతలో షావుకారు నుంచో తేవాలి. షావుకారు వార్షిక రేటు చెప్పడు. నెలకు నూటికి ఇంత అంటాడు, కాగితమూ రాయడు.