తెర మీది లూసీ, తెర వెనుక లూసీ

శాకుంతల ప్రస్తావన పాఠం చెప్పేటప్పుడల్లా విద్యార్థులను నేనొక ప్రశ్న అడుగుతుంటాను: కథ మొదలుకాక మునుపే సూత్రధారుడు నటిని పిలిచి నాటకాన్ని గురించే ముచ్చటించడమెందుకు? నటన కూడా ఒక వృత్తి అనీ, దానికి శ్రమించే మనుషులున్నారనీ ప్రేక్షకుడికి ఎరుకపరచడానికేనని నా అభిప్రాయం.

అటువంటి ప్రస్తావననే ఆరేళ్లపాటు సాగించిన హాస్యధారావాహిక ఒకటి అమెరికా టెలివిజన్ చరిత్రలో ఉన్నది. 1951 అక్టోబరు 15న సి.బి.ఎస్.లో ఆరంభమైన 'ఐ లవ్ లూసీ' 1957 మే నాటికి 180 భాగాలు పూర్తిచేసుకున్నది. లూసిల్ బాల్, డెసీ ఆర్నాజ్ కథలోనూ, జీవితంలోనూ భార్యాభర్తలే. క్యూబా నుంచి వచ్చిన బ్యాండు నాయకుడి పాత్ర ఆర్నాజ్ సొంత బతుకే. కీలకమైన తేడా మరొకచోట ఉన్నది. కథలోని లూసీకి ఎలాగైనా రంగమెక్కాలని తపన. ఇల్లు చూసుకోమంటాడు భర్త. ఆమె దొంగచాటుగా రంగమెక్కి, నవ్వులపాలై, తిరిగి వంటింటికే చేరుతుంది. ఆ పాత్ర ధరించిన స్త్రీ మాత్రం ఆ ధారావాహికను నిర్మించిన డెసిలూ సంస్థకు భర్తతోపాటు యజమాని! 1962లో అతని వాటా కొని, స్టూడియోకు తానే అధిపతి అయింది.

సంపాదించే స్త్రీ, సంపాదించలేని స్త్రీగా నటించవలసి రావడంలోనే ఆనాటి సమాజపు వైరుధ్యమంతా ఉన్నది. 1953 జనవరి 19న తెర మీద లూసీకి బిడ్డ పుట్టాడు. నిజంగా ఆమె ప్రసవించిందీ ఆనాడే. సుమారు 4.4 కోట్లమంది చూశారు. అయినా 'గర్భవతి' అన్న మాటను తెర మీద పలకనివ్వలేదు.

పలకనివ్వని మాట ఇంకొకటున్నది. 1936లో ఓటరుగా కమ్యూనిస్టు పక్షాన నమోదైనందుకు, 1953 సెప్టెంబరులో ఆమె అమెరికా కాంగ్రెసు విచారణ సంఘం ప్రతినిధికి సంజాయిషీ చెప్పుకోవలసి వచ్చింది. తాతగారి తృప్తి కోసం చేశానన్నది, బయటపడింది. 'ది గోల్డ్‌బర్గ్స్' ధారావాహికలో తండ్రి వేషం వేసిన ఫిలిప్ లోబ్‌కు ఆ అదృష్టం లేదు. 1950లో 'రెడ్ ఛానెల్స్' పట్టికకెక్కాడు, తాను కమ్యూనిస్టును కానన్నా వినలేదు, వేషం పోయింది. 1955 సెప్టెంబరు 1న ఆత్మహత్య చేసుకున్నాడు. ఒకరిని కాపాడింది కోట్లమంది ప్రేక్షకుల అండ అయితే, ఆ అండ లేకపోవడమే రెండవవారి నేరమా?

ఒకప్పుడు నేను ఈ ధారావాహికను ఉత్త కాలక్షేపమని తోసిపుచ్చాను. అది నా పొరపాటు. వంటింటి గడప దాటాలని ఎన్నిసార్లు ఓడినా మళ్లీ బయలుదేరే లూసీలో ఎందరో గృహిణులు తమ్ము చూసుకుని ఉంటారు. కానీ నటుల బతుకే కథావస్తువైన రచనను విమర్శించేటప్పుడు, అది చెప్పిన దానితోపాటు చెప్పకుండా దాటవేసిన దానినీ లెక్కలోకి తీసుకోవాలి. లోబ్ కథ 'ఐ లవ్ లూసీ'కి వస్తువు కాలేదు. దానిని చెప్పవలసిన బాధ్యత చరిత్రకారునిది.