డాక్టర్ కోట్నీస్ : చరిత్రయు చలనచిత్రమును

షోలాపురమందలి నీలం నగరు నేతపనివారి పేట. అచ్చటి తెలుగు కుటుంబములలో పెక్కింటి పూర్వులు బ్రతుకుదెరువునకై తెలంగాణము నుండి వలస వచ్చినవారు. వారు తమదిగా చేసికొన్న ఈ పట్టణమునకు దుప్పట్ల వలన ఎంత పేరు వచ్చినదో, డాక్టర్ ద్వారకానాథ్ కోట్నీస్ వలనను అంత పేరు వచ్చినది. ఆయన తెలుగువాడు కాకపోయినను, ఆయన కీర్తి ఊరివారందఱి ఉమ్మడి సొత్తు.

కోట్నీస్ 1910 అక్టోబరు 10వ తేదీన షోలాపురమున జన్మించి, బొంబాయిలో వైద్యవిద్య నభ్యసించెను. జపాను దండయాత్రకు గుఱియైన చైనాకు 1938లో కాంగ్రెసు పంపిన ఐదుగురు వైద్యులలో ఆయన యొకడు. అచ్చట నుండగా తండ్రి మరణవార్త అందినను వెనుదిరుగలేదు. 1940 నాటి పోరాటములలో 72 గంటలు నిద్ర లేక శస్త్రచికిత్సలు చేసెనని ప్రసిద్ధి. 1941లో బెతూన్ అంతర్జాతీయ శాంతి వైద్యశాలకు అధిపతియై, ఆ యేడే గువో చింగ్లాన్ అను నర్సును వివాహమాడెను. 1942 డిసెంబరు 9వ తేదీన మూర్ఛవ్యాధితో మరణించెను. అప్పటికాయన వయస్సు 32 ఏండ్లు. కుమారునకు 4 నెలలైనను నిండలేదు.

ఖ్వాజా అహ్మద్ అబ్బాస్ ఈ చరిత్రను గ్రంథముగా రచించెను. దాని ననుసరించి వి. శాంతారాం 1946లో ‘డాక్టర్ కోట్నీస్ కీ అమర్ కహానీ’ అను చిత్రమును నిర్మించి, తానే కథానాయకుడుగా నటించెను. చింగ్లాన్ పాత్రను జయశ్రీ ధరించెను.

చిత్రమున డాక్టరు జపాను సైనికులకు చిక్కి, వారి చెర నుండి తప్పించుకొనును. ఆయన జీవితచరిత్రలో ఈ చెర కానరాదు. మఱి శాంతారాం దానినేల కల్పించెను? అంతరాత్మ తెరపై కనబడునది కాదు. తుపాకి యెదుట నిలిచిన బందీని చూపినచో ప్రేక్షకునకు దాని బలము తక్షణమే బోధపడును. కల్పనకు ఇది న్యాయమైన కారణమే.

అయినను చరిత్రలోని పరీక్ష ఇంతకంటె కఠినమైనది. కోట్నీస్‌ను ఎవ్వరును బంధింపలేదు. స్వదేశమునకు త్రోవ తెఱచియే యున్నది. తోడివారు నలుగురును తమ సేవ ముగించి తిరిగివచ్చిరి. వారిని తక్కువ చేయనక్కఱలేదు. క్షతగాత్రులను విడిచి వెళ్లుటకు ఆయన మనస్సు మాత్రము ఒప్పలేదు. బందీకి ధైర్యము తప్పనిసరి; స్వేచ్ఛ గలవాడు దినదినమును దానిని తానై కోరుకొనవలెను.

1962లో భారత చైనాలు యుద్ధమునకు దిగినను ఆయన స్మృతి చెడలేదు. షిజియాజువాంగ్ నగరమున ఆయన సమాధియు, షోలాపురమున స్మారకమును కలవు. నీలం నగరు బాలబాలికలకు చిత్రమును తప్పక చూపవలెను; చూపిన పిమ్మట, ఆ చెర కల్పితమనియు, చైనాలో నిలిచిపోవుట ఆయన స్వయముగా చేసికొన్న నిర్ణయమనియు చెప్పవలెను.