వార్సా జంటపియానోలు: నష్టశేషవిచారము

కాలగర్భమున లయించిన గ్రంథములను గూర్చి విచారించువారికి శేషించినదే ప్రమాణము. ఆ శేషమునుబట్టి నష్టమైనదాని స్వరూపమును, పరిమాణమును ఊహించుట విమర్శకుల ధర్మము. కాని శేషించినది గావున నదియే శ్రేష్ఠమని తలఁచుట ప్రమాదము. ఈ న్యాయమునకుఁ దాళపత్రగ్రంథముల చరిత్రమందే గాక పాశ్చాత్యసంగీతచరిత్రమందును నిదర్శనములు గలవు. పోలండు దేశపు రాజధానియగు వార్సాలో రెండవ ప్రపంచయుద్ధకాలమున నిరువురు యువకులు కాఫీశాలలయందు రెండు పియానోలపై వాయించిన సంగీతము అట్టివానిలో నొకటి. వారు గూర్చుకొన్న రచనలు రెండువందలకు మించినవి. వానిలో నేఁడు నిలిచినది యొక్కటి.

ఆ యిరువురిలోఁ బెద్దవాఁడు విటోల్డ్ లుటోస్లావ్‌స్కి. 1913 వ సంవత్సరము జనవరి 25 వ తేదీని వార్సాలో జనించెను. ఐదేండ్ల ప్రాయముననే పితృహీనుఁ డయ్యెను. ఆయన తండ్రి యోజెఫ్ 1918 లో మాస్కోలో బోల్షెవిక్కులచేఁ గాల్పఁబడెను. వార్సా సంగీతవిద్యాలయమునఁ బియానోవాదనమును యెజీ లెఫెల్డ్ నొద్దను, సంగీతరచనమును విటోల్డ్ మాలిషెవ్‌స్కి యొద్దను నభ్యసించి, 1936 లో మొదటిదానియందును, 1937 లో రెండవదానియందును బట్టములు వడసెను. రెండవవాఁడు ఆంద్జేయ్ పానుఫ్నిక్. 1914 సెప్టెంబరు 24 వ తేదీని ఆ నగరముననే పుట్టెను. తండ్రి ఫిడేళ్లు చేయుటయం దారితేఱినవాఁడు. తల్లి ఫిడేలు వాయించునది. ఆయనయు నా విద్యాలయముననే చదివి, పిదప వియన్నాలో ఫెలిక్స్ వైన్‌గార్ట్‌నర్ నొద్ద వాద్యబృందమును నడపు విద్య నేర్చి, పారిస్, లండను నగరములఁ గొంతకాల ముండి, యుద్ధమునకు ముందే స్వదేశమునకు మరలెను.

1939 సెప్టెంబరు 1 వ తేదీని జర్మనులు పోలండుపై దండెత్తిరి. లుటోస్లావ్‌స్కి సైన్యమున రేడియో విభాగమునందుండి శత్రువులకుఁ జిక్కి, ఎనిమిది దినములకుఁ దప్పించుకొని, సుమారు 400 కిలోమీటర్లు నడచి వార్సా చేరెను. ఆయన యన్న హెన్రిక్ రష్యనులకుఁ జిక్కి 1940 లో కోలిమా చెఱలో మరణించెను. సెప్టెంబరు 28 వ తేదీని వార్సా లొంగిపోయెను. ఫిల్హార్మోనిక్ సభామందిరము బాంబులచే ధ్వంసమయ్యెను. విశ్వవిద్యాలయములు మూయఁబడెను. పోలండుకు గర్వకారణమైన షోపాన్ సంగీతము నిషేధింపఁబడెను. 1940 మే 31 వ తేదీని వార్సా యుద్యానమునందలి యాయన విగ్రహమును సైతము జర్మనులు ధ్వంసము సేసిరి.

సభలు లేవు, పాఠశాలలు లేవు. విద్వాంసులకు మిగిలిన రంగస్థలము కాఫీశాల. నాటకశాలలోఁ బేరుగాంచిన నటీమణులు కాఫీ యందించుచుండిరి; వాద్యబృందములలో నుండవలసినవారు బల్లల నడుమ వాయించుచుండిరి. 'ఆరియా' యనియు, కళయు సొగసును అను నర్థమిచ్చు 'ష్తూకా ఇ మోదా' యనియు నిట్టి కాఫీశాలలు గొన్ని ప్రసిద్ధములు. ఈ మిత్రులిరువురును 1940 ప్రాంతమున జంటగాఁ జేరి, 1944 వఱకు నట్టి తావులలో వాయించుచు జీవనము గడపిరి.

వారు వాయించినది యొక జాతి సంగీతము గాదు. బాఖ్ ఆర్గనుకై వ్రాసిన టొకాటాలు, బిజే 'కార్మెన్' నాటకమునందలి వరుసలు, రావెల్ 'బొలేరో' మొదలుకొని అమెరికానుండి వచ్చిన జాజ్ పద్ధతి కల్పనలవఱకు నందుఁ గలవు. వినవచ్చినవారిలో శాస్త్ర మెఱిఁగినవారును, కాఫీకై వచ్చినవారును గలరు గావున నిరుతెగలవారిని దృప్తిపఱుపవలసి యుండెను. కావలసిన రచనలను దామే రెండు పియానోలకుఁ గూర్చుకొనిరి.

ఈ కూర్పునందలి కష్టమును దెలిసినఁగాని దాని విలువ దెలియదు. పియానోమెట్టు నొక్కఁగనే సుత్తి తంత్రిని గొట్టును. నాదము పుట్టినది మొదలు క్షీణించుచునే యుండును. ఆర్గనునాద మట్లు గాక మెట్టు నొక్కియున్నంతకాలము నిలుచును. పాదములతో వాయించు మెట్లును దానికిఁ గలవు. కావున నార్గనురచనను బియానోకుఁ దెచ్చునపుడు నిలుకడగల స్వరమును మరల మరలఁ బలికించి నిలువవలెను. పాదములు చేయుపనిని జేతులకుఁ బంచియీయవలెను. 'బొలేరో' యందలి చిక్కు వేఱు. అం దొకే వరుస మరల మరల వచ్చును. వచ్చినప్పుడెల్ల వాద్యము మాఱును, ధ్వని హెచ్చును. అడుగున డోలు దెబ్బ మాఱక సాగును. వాద్యభేదమే ప్రాణముగాఁ గల యిట్టి రచనను ఒకే జాతి వాద్యములు రెంటిపై నిలుపుటకు స్థాయిభేదమును, స్వరసాంద్రతను మాత్రమే యాధారముగాఁ గొనవలసి యుండును. ఇది ప్రతివ్రాయు లేఖకుని పని గాదు. అనువదించు కవి పని.

జంటపియానోలు నగరమునం దీ భాగముననే మ్రోగినవి గావు. 1940 నవంబరున జర్మనులు యూదుల పేటను గోడకట్టి మూసిరి. ఆ గోడ లోపలను 'ష్తూకా' యను కాఫీశాల యొకటి యుండెను. అందు వ్లాదిస్లావ్ ష్పిల్మన్ గోల్డ్‌ఫెడర్ అను సహవాదకునితోఁ గూడి రెండు పియానోలపై వాయించుచుండెను. 1942 లో ఆ పేటనుండి లక్షలకొలఁది జనులు ట్రెబ్లింకాకుఁ గొనిపోఁబడి చంపఁబడిరి. ష్పిల్మన్ కుటుంబమువారును వారిలోఁ జేరిరి. ఆయన యొక్కఁడు బ్రతికి 2000 వఱకు జీవించెను. గోడ కీవలను ఆవలను జీవనోపాయ మొక్కటియే. శేషము మాత్రము సమానము గాదు.

లుటోస్లావ్‌స్కి, పానుఫ్నిక్‌ల రచనలలో నిలిచినది 1941 లో లుటోస్లావ్‌స్కి వ్రాసిన 'పాగనీని వరుసపై రూపభేదములు' అనునది. ఇటలీదేశపు ఫిడేలువిద్వాంసుఁడు నికోలో పాగనీని 1820 లో ప్రకటించిన యిరువదినాలుగు కాప్రిసులలోఁ గడపటిది దీనికి మూలము. ఆ చిన్నవరుసను లిస్టు, బ్రామ్సు, రాఖ్మానినోవ్ మున్నగువా రింతకుముందే గ్రహించి తమతమ త్రోవలఁ బెంచిరి. లుటోస్లావ్‌స్కి పెంచలేదు. పాగనీని యొక్కఫిడేలుకు వ్రాసిన రూపభేదములనే యించుమించుగా నా క్రమముననే యనుసరించి, రెండు పియానోల భాషలోనికిఁ దెచ్చెను. ఎడమచేతి వ్రేళ్లతోఁ దంత్రులను మీటు ఫిడేలువాని చమత్కారము సుత్తిదెబ్బల వాద్యమున నెట్లు పలుకవలెనో యాలోచించి, దానికి సరివచ్చు వేఱొక చమత్కారమును గల్పించెను. మూలమునందు లేని తీక్ష్ణమైన స్వరసంగతుల నడుగునఁ జేర్చెను. వ్యాకరణపరిభాషలోఁ జెప్పవలెనన్నచో నిది సూత్రమునకు వృత్తి గాదు, వార్త్తికము. సూత్రక్రమమును విడువదు, సూత్రకారుఁడు చెప్పనిదానినిఁ జెప్పక మానదు. వాయించుటకుఁ బట్టు కాలము ఆఱు నిమిషములకు లోపే.

1944 ఆగస్టు 1 వ తేదీని వార్సాపౌరులు జర్మనులపైఁ దిరుగఁబడిరి. అఱువదిమూఁడు దినములు పోరాడి యోడిపోయిరి. పిదప జర్మనులు మిగిలిన నగరమును వరుసగాఁ దగులఁబెట్టియుఁ బ్రేల్చియు నేలమట్టము గావించిరి. తిరుగుబాటునకుఁ గొన్నినాళ్లకు ముందే లుటోస్లావ్‌స్కి తల్లితోఁగూడఁ గొమోరూవ్ గ్రామమునకుఁ జేరెను. కొలఁదిపాటి వ్రాఁతప్రతులను మాత్రము వెంటఁ గొనిపోఁగలిగెను. పాగనీని రచన యందుండుటచే నిలిచెను.

పానుఫ్నిక్ కైన నష్టము మఱింత విచిత్రమైనది. ఆయనయు రోగపీడితయగు తల్లితో నగరము వెలుపల నుండెను. తమ్ముఁడో యన్నయో యన భేదములేక కూడి పెరిగిన సోదరుఁడు మిరోస్లావ్ ఆ తిరుగుబాటునందు మడిసెను. 1945 లో సోదరుని దేహమును బూడ్చుటకును, తన వ్రాఁతప్రతులను దెచ్చుకొనుటకును పానుఫ్నిక్ పాడువడిన నగరమునకు మరలెను. బాంబులకును మంటలకును దప్పి యా ప్రతులు నిలిచియే యుండెను. కాని యాయన గదులలోఁ జేరిన యపరిచితు లొకరు వానినన్నింటిని మంటలో వైచిరి. రెండు సింఫనీలును దక్కిన యౌవనరచనలును అందుఁ బోయెను. శత్రువు గాల్పనిదానిని అజ్ఞానము గాల్చెను. తాతలనాఁటి తాటాకులు వంటపొయ్యిలోనికిఁ బోయిన కథలు వినని పండితుఁడు తెలుఁగునాఁట లేఁడు గావున నీ దుఃఖము నెఱుఁగుటకు వ్యాఖ్యానము వలదు.

ఇచట గుణాఢ్యుని కథ స్మరణకు వచ్చును. సాతవాహనరాజు తిరస్కరింపఁగా నాతఁడు బృహత్కథను మృగములకుఁ జదివి వినిపించుచు నొక్కొక్క పత్రమును హోమము సేసెననియు, ఆఱులక్షల గ్రంథము గాలఁగా లక్ష మిగిలెననియుఁ గథాసరిత్సాగరము చెప్పుచున్నది. శిష్యుల కిష్టమైన భాగమే యచట మిగిలెను. అది కథ గావున శేషమునకుఁ దగిన కారణము గలదు. చరిత్రమునం దట్టి కారణము దొరకదు. రెండువందల రచనలలో 'బొలేరో' పాగనీనికంటెఁ దక్కువదని యెవరు చెప్పఁగలరు? చెప్పుటకు సాధనము లేదు. మిగిలినది యొక్కని పేర వెలసిన స్వతంత్రరచన. పోయినవి యిద్దఱు గలసి యొరుల రచనలకుఁ జేసిన రూపాంతరములు. పానుఫ్నిక్ 1945 లో తన త్రివాద్యరచనను, 'విషాదప్రస్తావన'ను, ఐదు జానపదగీతములను జ్ఞాపకమునుండి మరల వ్రాసెను. కాఫీశాలలకై కూర్చినవానికి నట్టి పునర్జన్మము కలుగలేదు.

పిమ్మట వారి త్రోవలు వేఱయ్యెను. కమ్యూనిస్టు ప్రభుత్వపు నిర్బంధమును సైఁపక పానుఫ్నిక్ 1954 లో ఇంగ్లండునకుఁ బాఱిపోయెను. నాఁటినుండి 1977 వఱకు నాయన సంగీతము పోలండులో నిషిద్ధము. ఆ 1954 లోనే లుటోస్లావ్‌స్కి వాద్యబృందమునకు వ్రాసిన 'కంచెర్టో' వార్సాలో వినఁబడి యాయనకు గొప్ప కీర్తి నిచ్చెను. కాఫీశాలనాఁటి లఘుసంగీతమును ఆయన పూర్తిగా విడువలేదు. 1957 మొదలు కొన్నియేండ్లు 'దెర్విద్' అను మాఱుపేరున జనులు పాడుకొను పాటలను గట్టెను. 1978 లో పాగనీని రచనను బియానోకును వాద్యబృందమునకును మరలఁ గూర్చెను. పానుఫ్నిక్ 1990 లో స్వదేశమును మరలఁ జూచి, 1991 లో మృతి సెందెను. లుటోస్లావ్‌స్కి 1994 ఫిబ్రవరి 7 వ తేదీని గతించెను. వారి తరువాతితరమున మారెక్ తోమాషెవ్‌స్కి, వాత్సెక్ కిసియెలెవ్‌స్కి అను మఱియొక పోలిష్ జంట శాస్త్రీయసంగీతమును జనరంజకసంగీతమును గలిపి రెండు పియానోలపై వాయించి, 1986 లో వాత్సెక్ మరణించువఱకు విదేశములందును మెప్పు గాంచెను.

కాఫీశాలవాదనము కూటికై చేసినపని గావున దానికిఁ జరిత్రమునందుఁ జోటేల యని కొందఱు శంకింపవచ్చును. మూఁడునాలుగేండ్లు దినదినమును బరరచనలను విప్పి కట్టుటకంటె రచయితకు వేఱు గురుకులము లేదని పాగనీని రచన యందలి ప్రతి సంగతియుఁ జెప్పుచున్నది. శంకకు నిదియే సమాధానము. ఇఁక శేషించిన యొక్కదానినే చూచి యా జంట ఘనతను గొలుచుటయు సరిగాదు. ఆఱు నిమిషముల యీ రచన వెనుక రెండువందల మూఁగరచనలు గలవు. వానిని వినిపింపఁజాలకున్నను, లెక్కలో నుంచుట చరిత్రకారుని విధి.