ఎముకకు కత్తి పేరు

మా పెద్దమ్మ ముప్పై ఏళ్లకు పైగా ఊళ్లో నాట్లు వేసింది, కోతలు కోసింది, మోపులు మోసింది. 1986లో ఒకనాడు రెండు రొమ్ముల నడుమ, కడుపు మొదలయ్యేచోట వేలుపెట్టి చూపి “ఇక్కడ రాయి కట్టిందిరా అబ్బాయీ” అంది. అప్పటికి నాలుగు నెలలుగా ఆ రాయిని రోజూ తడిమి చూసుకుంటున్నది. పక్కింటామె క్యాన్సరుతో పోయిన ఏడాది అది. పట్నంలో ఒక డాక్టరు దగ్గరకు తీసుకువెళ్లాను. ఆయన రెండు వేళ్లతో నొక్కి చూసి, నావైపు తిరిగి, అది జిఫాయిడ్ అనీ, అందరికీ ఉండేదేననీ, ఈవిడకు కాస్త హైపోకాండ్రియా ఉన్నదనీ ఇంగ్లీషులో చెప్పాడు. ఆమెతో మాత్రం “ఏంలేదమ్మా, అంతా నీ అనుమానమే” అన్నాడు. మెట్లు దిగుతూ పెద్దమ్మ అడిగింది: “ఏంలేకపోతే చేతికి తగిలేదేమిట్రా?”

జంతుశాస్త్రంలో డిగ్రీ పుచ్చుకున్న నా దగ్గర ఆ ప్రశ్నకు తెలుగులో జవాబు లేకపోయింది. ఛాతీ ఎముక కొసన ఉండే ఆ ముక్క పేరు నాకు బాగా తెలుసు. కాలేజీలో కప్పను కోసి ‘జిఫిస్టెర్నం’ అని తెలుగు లిపిలో నోట్సు రాసుకున్నవాణ్ణే. కాని పెద్దమ్మకు చెప్పదగిన మాట ఏదీ నోటికి రాలేదు. ఆ తర్వాత ఎన్నో ఏళ్లపాటు అడపాదడపా ఈ ఒక్క పదం వెంట తిరిగాను. ఆ తిరుగుడులో దొరికిన చరిత్రను రచయితల ముందు ఉంచడమెందుకంటే, ఇది వైద్యుల సమస్య ఎంతో మన సమస్య కూడా అంతే.

గ్రీకు భాషలో ‘జిఫోస్’ అంటే పొట్టి కత్తి. కాలిబంటు బల్లెం విరిగితే దూసే రెండంచుల కత్తి. ‘జిఫాయిడ్’ అంటే కత్తివంటిది. దీన్నే లాటిన్‌లో ‘ఎన్సిఫార్మ్’ అన్నారు. అర్థం అదే. పోలిక అక్కడితో ఆగలేదు. ఛాతీ ఎముక పై ముక్కకు ‘మనూబ్రియం’ అని పేరు, అంటే పిడి. నడుమ ముక్కకు ‘గ్లాడియోలస్’, అంటే చిన్న కత్తి. మన పూలదుకాణాల్లో అమ్మే గ్లాడియోలస్ పువ్వుదీ, కత్తులతో పోరాడిన గ్లాడియేటర్లదీ ఇదే మాట. పిడి ఉన్నది, అలుగు ఉన్నది, మళ్లీ ఆ అలుగు కొసన ఇంకొక కత్తి ఉన్నది! గ్రీకువారూ లాటినువారూ ఎవరి పోలిక వారు తెచ్చి అంటించడంవల్ల వచ్చిన తమాషా ఇది.

ఈ పేర్లను శాస్త్రంలో పాతుకునేలా చేసినవారిలో ముఖ్యుడు గాలెన్. క్రీ.శ. 129లో పెర్గమంలో పుట్టాడు. 157లో ఆ ఊరి గ్లాడియేటర్లకు వైద్యుడయ్యాడు. కత్తిపోట్లకు చీలిన దేహాలు అతనికి పాఠశాలలు. బానిసలను కత్తులిచ్చి పోరాడించి, ప్రజలు చూసి ఆనందించే సమాజంలో, ఆ బానిసలకు కుట్లువేసే మనిషి రాసిన శాస్త్రంలో ఎముకకు కత్తి పేరు ఉండటం వింతేమీ కాదు. అయితే పేరు అతను పుట్టించినది కాదు, అంతకుముందే ఉన్నది. యుద్ధం నిత్యవ్యవహారమైనచోట దేహంలోనూ ఆయుధమే కనిపిస్తుందన్నంత వరకే నా మాట. ఇంతకంటె దీన్ని సాగదీస్తే అది చరిత్ర కాదు, చమత్కారమవుతుంది.

గాలెన్‌కు మనుషుల శవాలు కోసే వీలు లేదు. కోతులను కోశాడు. అందుచేత ఛాతీ ఎముకలో ఏడు ముక్కలున్నాయని రాశాడు. పదమూడు వందల ఏళ్లకు పైగా యూరపంతా అదే వల్లెవేసింది. 1543లో వెసేలియస్ తన శరీరనిర్మాణ గ్రంథం అచ్చువేసి, మనిషిలో ఉన్నవి మూడేనని చూపించాడు. అప్పుడు పారిస్‌లో అతనికి చదువు చెప్పిన గురువు సిల్వియస్‌కు పట్టరాని కోపం వచ్చింది. 1551లో ఒక పుస్తకం రాసి, వెసేలియస్ పేరును కొంచెం మార్చి ‘పిచ్చివాడు’ అని అర్థం వచ్చేలా పిలిచాడు. గాలెన్ పొరపడలేదట! ఆ కాలపు మనుషులు దృఢకాయులు గనుక వారి విశాలమైన రొమ్ములో ఏడెముకలు ఉండేవట, ఈనాటి మనుషులు క్షీణించిపోయారట. పుస్తకానికీ దేహానికీ తగాదా వస్తే తప్పు దేహానిదే అన్నమాట. మన సాహిత్య విమర్శలో లక్షణగ్రంథం చేతపట్టుకుని కవిత్వానికి ఎముకలు లెక్కపెట్టేవారిని చూసినప్పుడల్లా నాకు సిల్వియస్ గుర్తుకు వస్తాడు.

వెసేలియస్ లెక్క సరిచూసింది ఎవరి రొమ్ములమీద? ఉరికంబం మీద వేలాడినవారి రొమ్ముల మీద. లూవెన్ ఊరిబయట ఉరికొయ్య నుంచి అతను ఒక అస్థిపంజరాన్ని రహస్యంగా తెచ్చుకున్నాడు. పాదువాలో న్యాయాధికారి దయవల్ల మరణశిక్ష పడినవారి శవాలు అందాయి. ఇంగ్లండులో 1832లో చేసిన చట్టం ఇంకో అడుగు వేసింది. అనాథగృహాల్లో, ఆస్పత్రుల్లో చనిపోయి, ఎవరూ అడగనివారి దేహాలను వైద్యవిద్యాలయాలకు ఇవ్వవచ్చునన్నది. అంతవరకు హంతకుడి దేహానికి పడిన శిక్ష ఆ చట్టంతో పేదవాడి దేహానికి మారింది. మనదేశం సంగతి మరీ ఘోరం. కలకత్తా నుంచి అస్థిపంజరాలు ఓడలకెక్కి ప్రపంచంలోని వైద్యకళాశాలలకు దశాబ్దాలపాటు వెళ్లాయి. 1985లోగాని ప్రభుత్వం ఆ ఎగుమతిని నిషేధించలేదు. అంటే మా పెద్దమ్మను డాక్టరుకు చూపించడానికి సరిగ్గా ఏడాది ముందు వరకు, ఏ దేశపు విద్యార్థి జిఫాయిడ్ అని నేర్చుకుంటున్నా, అతని చేతిలో ఉన్నది మన పేదవాడి ఎముక కావడానికి ఎంతో అవకాశం ఉండేది.

మా కాలేజీ ప్రయోగశాల మూలన తీగకు వేలాడే అస్థిపంజరంలో ఆ కొస ముక్క లేదు. అప్పుడు పట్టించుకోలేదు. ఆ ముక్క పుట్టుకతో మెత్తని మృదులాస్థి. క్రమంగా గట్టిపడి, సాధారణంగా నలభై దాటేసరికి ఎముకగా మారుతుంది. మారకముందే మనిషి పోతే, మాంసంతోపాటు అదీ కుళ్లిపోతుంది. అది రవాణాలో విరిగి ఉండవచ్చు కూడా. కాని నలభై నిండకుండా పోయిన మనిషి ముందు నిలబడి మేము ఎముకలు లెక్కపెట్టామేమోనన్న ఊహ నన్ను ఇప్పటికీ వదలదు.

మాట ప్రయాణం సంగతికి వస్తాను. గ్రీకు వైద్యం అరబ్బీలోకి వెళ్లినప్పుడు కత్తి కూడా వెళ్లింది. 1037లో మరణించిన ఇబ్న్ సీనా తన ‘కానూన్’లో దీన్ని ‘ఖంజరీ’ అన్నాడు. ఖంజర్ అంటే బాకు. అయితే అతను ఒక మంచి మాట చేర్చాడు. ఇది కడుపు ముఖద్వారానికి కాపు అన్నాడు. కోసే ఆయుధం పేరు పెట్టుకున్న ఎముక చేసే పని కాపలా! యునానీ వైద్యంతోపాటు ఆ ఖంజరీ మన హైదరాబాదు దాకా వచ్చింది. అదే ‘కానూన్’ పన్నెండవ శతాబ్దంలో లాటిన్‌లోకి మారి తిరిగి యూరపు చేరింది. చివరకు 1895లో బాసెల్‌లో శరీరశాస్త్రజ్ఞులు కూడి, అప్పటికి వాడుకలో ఉన్న సుమారు 50,000 పేర్లను 5,000 దాకా తగ్గించినప్పుడు కూడా ‘జిఫాయిడ్’ నిలిచింది. ఒకే అవయవానికి పది పేర్లుంటే శాస్త్రం సాగదు గనుక ఆ పని అవసరమే. దాన్ని నేను తప్పుపట్టను.

కాని పోలిక నిజానికి సరిపోతుందా? మనుషుల్లో ఈ ముక్క ఒక్కొక్కరికి ఒక్కొక్క తీరుగా ఉంటుంది. కొందరికి కొస రెండుగా చీలి ఉంటుంది, కొందరికి నడుమ చిల్లు ఉంటుంది, కొందరికి ముందుకు వంగి ఉంటుంది. మేము కోసిన కప్పలో అయితే అది వెడల్పాటి పలక. దాన్ని చూసి కత్తి అనాలంటే చాలా దేశభక్తి ఉండాలి.

అందరూ కత్తినే చూశారా అంటే, లేదు. చైనా వైద్యంలో ఈ కొస దగ్గర సూది గుచ్చే బిందువును ‘పావురం తోక’ అన్నారు. జపానువారు అవే అక్షరాలు రాసి, చదివేటప్పుడు మాత్రం తమ సొంత మాట పలుకుతారు. దాని మూలార్థం ‘నీళ్లు పడేచోటు’. తాగిన నీరు దిగి పడే చోటన్నమాట. కత్తి చూపు బయటినుంచి చూసినది. ఈ మాట పుట్టించిన మనిషి దాహంతో నీళ్లు తాగి, లోపలినుంచి చెప్పాడు.

రష్యన్ వైద్యగ్రంథంలో దీని పేరు కత్తి ఆకారపు మొన. వాడుకలో మాత్రం ఆ స్థలాన్ని ‘చిన్న చెంచా కింద’ అంటారు. ఆకలైనా, బెంగ పట్టుకున్నా ‘చెంచా కింద పీకుతున్నది’ అంటారు. ఉప్పల లక్ష్మణరావు వంటివారు మాస్కోలో ఉండి నేరుగా రష్యన్ నుంచి తెలుగు చేశారు. వారికి ముందూ, పక్కనా ఇంగ్లీషు మీదుగా వచ్చిన అనువాదాలు మన చేతుల్లో ఎన్నో తిరిగాయి. ఇంగ్లీషులో ఆ చెంచా ఎప్పుడో జారిపోయి ‘కడుపు గుంట’ మిగులుతుంది. దాన్ని మనం ‘కడుపులో దేవినట్లయింది’ అని చదువుకుంటాం. రైతు చెంచా ఏ చేతిలో జారిందో ఎవరికీ తెలియదు.

అన్నిటికంటె నన్ను నిలబెట్టింది బ్రెజిల్ మాట. అక్కడి జనం ఈ ఎముకను ‘ఎస్పిన్యేలా’ అంటారు. బరువులెత్తి, ఒళ్లు విరుచుకుని పనిచేసినవారికి రొమ్ము కింద నొప్పి, నీరసం వస్తే ‘ఎస్పిన్యేలా జారిపోయింది’ అంటారు. మంత్రం చదివే ముసలమ్మ దారం తీసుకుని మోచేతి నుంచి వేలికొస దాకా కొలిచి, ఆ కొలతను భుజాల వెడల్పుతో సరిచూస్తుంది. సరిపోకపోతే జారినట్లే. ఇది శాస్త్రం కాదు. ఎముక జారదు, దారానికి రోగం తెలియదు. గుండెజబ్బు నొప్పి కూడా అక్కడే రావచ్చు గనుక ఇటువంటి నమ్మకం ప్రాణం తీయనూవచ్చు. అభ్యుదయవాదులమైన మనం జానపదమన్నదల్లా పవిత్రమనుకునే పొరపాటు చేయకూడదు. అయినా, ఆ మాటలో డాక్టరు మాటలో లేనిదొకటి ఉన్నది. నొప్పి పనివల్ల వచ్చిందని ఆ మాట చెబుతున్నది.

ఆ డాక్టరు పెద్దమ్మకు అంటగట్టిన మాటను కూడా పట్టి చూద్దాం. ‘హైపోకాండ్రియా’ గ్రీకులో జబ్బు పేరు కాదు, చోటు పేరు. ‘హైపో’ అంటే కింద, ‘కాండ్రోస్’ అంటే మృదులాస్థి. రొమ్ము మృదులాస్థి కింది మెత్తని భాగమన్నమాట. అంటే దాదాపు పెద్దమ్మ వేలుపెట్టి చూపిన చోటే! అక్కడి అవయవాల నుంచి పొగలు లేచి తలకెక్కి మనోవ్యాధి పుట్టిస్తాయని పాత వైద్యులు నమ్మారు. 1621లో బర్టన్ విషాదవ్యాధి మీద రాసిన పెద్ద గ్రంథంలో దానికొక విభాగమే ఉన్నది. తర్వాత తర్వాత పొగలు పోయాయి, చోటు పోయింది, ‘లేని జబ్బు ఉన్నదనుకోవడం’ మిగిలింది. 1673లో మోలియేర్ లేని జబ్బుల మనిషిని రంగస్థలం మీదికి ఎక్కించినప్పుడు అతను వైద్యులను ఇంటికి పిలిపించుకునే స్తోమత గలవాడు. అదే బిరుదును ఒకనాడు కూలిమాని, బస్సు కిరాయికి అప్పుచేసి వచ్చిన మనిషికి తగిలించడం ఎంత తేలికైపోయింది! ఆమె చేతికి తగిలింది నిజమైన ఎముక. భయం తప్పే కావచ్చు. చేయి తప్పు కాదు.

మన భాషలో ఆ చోటుకు మాట లేదా? తెలుగులో ‘గుండె’ అంటే హృదయం, ‘గుండెలు’ అంటే ఛాతీ. ఒక్క బహువచనంతో అవయవం కాస్తా స్థలమవుతుంది. అందుకే ‘గుండెల్లో మంట’ అన్నవాడికి గుండెజబ్బో, కడుపులో పులుపో అడిగితేగాని తెలియదు. ఇది మన భాష లోపమనుకునేవారు గ్రీకు ‘కార్డియా’ చూడాలి. హృదయానికీ, కడుపు ముఖద్వారానికీ అదే మాట. ఇక ‘డొక్క’ ఉన్నది. డొక్కలెండటం ఆకలికి, డొక్కశుద్ధి చదువుకు. ‘కడుపు’ ఉన్నది. కడుపుమంట, కడుపుకోత, కడుపుతీపి. ఈ రెండు రాజ్యాల సరిహద్దులో, గుండెలు ముగిసి కడుపు మొదలయ్యేచోట ఉన్న ఆ వేలెడు ముక్కకు నాకు తెలిసిన పుస్తకాల్లో ఊరిమాట దొరకలేదు. పరిభాష తయారుచేయడానికి 1968లో తెలుగు అకాడమీ వచ్చింది. ఎముకకు ‘ఉరోస్థి’ వచ్చింది, కొసకు తెలుగు లిపిలో గ్రీకు వచ్చింది. ఏ నాట్ల కూలీనీ, ఏ హమాలీనీ, ఏ మంత్రసానినీ అడిగి రాసుకున్న పట్టిక మాత్రం నా కంటబడలేదు.

మన కవులను కూడా నేను వదలను. ఆకలి అనగానే అస్థిపంజరం తెచ్చి నిలబెట్టాం. ఎముకలగూడు మన కవిత్వంలో ఎన్ని వందలసార్లు కనిపిస్తుందో! ఆ గూటిలో ఒక్క ఎముకనైనా పేరుపెట్టి పిలిచామా? ఎక్కడ నొప్పి అని ఆ మనిషిని అడిగి, అతను వాడిన మాటను అలాగే రాసుకున్నామా? నేనూ అడగలేదు. పెద్దమ్మ ‘రాయి’ అన్నప్పుడు దాన్ని వెంటనే మనసులో ‘జిఫాయిడ్’గా మార్చుకుని, పని అయిపోయిందనుకున్నాను.

ఆ సాయంత్రం బస్సులో ఆమె మళ్లీ అదే ప్రశ్న వేసింది. అప్పుడు నా సొంత రొమ్ము కింద వేలుపెట్టి, ఆమె చేయి లాగి అక్కడ పెట్టి చెప్పాను. “ఇది నీ ఎముకే పెద్దమ్మా. చిన్నప్పుడు మన చెవి తమ్మెలా మెత్తగా ఉంటుంది. వయసు మీదపడ్డాక గట్టిపడి చేతికి తగులుతుంది. నాది ఇంకా మెత్తగానే ఉంది చూడు.”

ఆమె కాసేపు నొక్కి చూసింది. “అందరికీ గట్టిపడుద్దా, పనిచేసేవాళ్లకేనా?” అని అడిగింది.

“అందరికీ.”

“ఆ డాక్టరుక్కూడానా?”

“ఆయనక్కూడా.”

“మరి ఆ ముక్క చెప్పడానికేం, నోరు పడిపోయిందా ఆయనకి?” అని, కొంగు సర్దుకుని, కిటికీకి తల ఆనించి నిద్రపోయింది.