వీటీ... సీఎస్టీ... సీఎస్ఎమ్‌టీ

1853 ఏప్రిల్ 16, శనివారం. మధ్యాహ్నం మూడున్నర దాటింది. బొంబాయి బోరీబందర్‌లో ఇసుకేస్తే రాలనంత జనం. ఫిరంగులు 21 సార్లు మోగాయి. సాహిబ్, సింధ్, సుల్తాన్ అనే మూడు ఇంజన్లు పొగలు కక్కుతూ 14 పెట్టెల్ని లాగాయి. లోపల 400 మంది అతిథులు. 34 కిలోమీటర్ల దూరంలోని ఠాణాకు మన దేశపు తొలి ప్రయాణికుల రైలు కదిలింది.

పాతికేళ్లకు, 1878లో, గ్రేట్ ఇండియన్ పెనిన్సులా రైల్వే బోరీబందర్‌లో కొత్త స్టేషన్ భవనం తలపెట్టింది. నమూనా గీసింది ఎఫ్.డబ్ల్యు.స్టీవెన్స్. పదేళ్ల పని, 16 లక్షల రూపాయల పైచిలుకు ఖర్చు. గోపురం మీద కాగడా పట్టిన స్త్రీమూర్తి, గేటు స్తంభాల మీద బ్రిటన్‌కు గుర్తుగా సింహం, భారత్‌కు గుర్తుగా పులి. గోడల నిండా రాతి పక్షులు, జంతువులు, ఆకులు, తీగలు. వాటిలో చాలావరకు బొంబాయి జె.జె.ఆర్ట్ స్కూల్ విద్యార్థుల పనితనమే. ఆ కుర్రాళ్ల పేర్లు ఈనాడు ఎవరి నోటా లేవు. స్టేషన్‌కు పేరు మాత్రం 1887లో, రాణి పాలన స్వర్ణోత్సవ వేళ, 'విక్టోరియా టెర్మినస్' అని పెట్టారు. జనం నోట అది వీటీ అయింది.

స్వాతంత్ర్యం వచ్చాక గడియారం కింద ఉన్న రాణి విగ్రహాన్ని తీసేశారు. 1996లో స్టేషన్‌కు ఛత్రపతి శివాజీ పేరు పెట్టారు; వీటీ సీఎస్టీ అయింది. 2004లో యునెస్కో వారసత్వ జాబితాలో చోటు దక్కింది.

2008 నవంబర్ 26, రాత్రి పది కావస్తోంది. దూరప్రాంత రైళ్ల కోసం మూటాముల్లెతో కూర్చున్న జనం మీద ఇద్దరు ఉగ్రవాదులు తూటాలు కురిపించారు. లోకల్ రైళ్ల వైపు అనౌన్స్‌మెంట్ గదిలో ఉన్న ఉద్యోగి మైకు వదల్లేదు. 'అటు వెళ్లొద్దు, వెనక గేటు నుంచి బయటపడండి' అని హిందీలో, మరాఠీలో పదేపదే చెబుతూనే ఉన్నాడు. తూటాలు అతని గది అద్దాన్నీ తాకాయి. అతని మాట విని వందల మంది ప్రాణాలతో బయటపడ్డారు. ఆ రాత్రి స్టేషన్‌లో పోయిన ప్రాణాలు 58. ఈ స్టేషన్ చరిత్ర రాసేవాళ్లు స్టీవెన్స్ పక్కనే ఆ ఉద్యోగికీ చోటివ్వాలి.

2017లో పేరుకు 'మహారాజ్' చేరి, సీఎస్టీ సీఎస్ఎమ్‌టీ అయింది. హైదరాబాద్ నుంచి హుస్సేన్‌సాగర్ ఎక్స్‌ప్రెస్‌లో వెళ్లి దిగేది అక్కడే. దిగగానే ట్యాక్సీ కోసం పరుగెత్తకండి. రోడ్డు దాటి, తలెత్తి, ఆ రాతి గోడల్ని తీరిగ్గా చూడండి.