తెరపై తొలి విదూషకులు

మొగమునకు తొడుగు ధరించి నవ్వించు నాటకములలో ఇటలీదేశపు 'కొమేడియా దెల్లార్తె' సుప్రసిద్ధము. 1545వ సంవత్సరమున పాడువా నగరమందు కొందరు నటులు మేళముగా నేర్పడి వ్రాసికొనిన ఒడంబడిక పత్రము నేటికిని నిలిచియున్నది. ఆ మేళములకు కథాక్రమము మాత్రమే వ్రాతలో నుండెడిది. సంభాషణములను నటులు అప్పటికప్పుడు కల్పించుకొనెడివారు. పాత్రలు మాత్రము మారవు. పిసినారి వర్తకుడు పంతలోనె, పాండిత్యడంబము గల డాక్టరు, అతుకుల అంగీ తొడిగిన కొంటె సేవకుడు అర్లెకీనో — వీరు తోలు తొడుగులతో రంగమెక్కినంతనే జనులు గుర్తించెడివారు. మన తోలుబొమ్మలాటలో కేతిగాడు కనబడినంతనే నవ్వు పుట్టుట యిట్టిదే. ఈ హాస్యము ఫ్రాన్సుదేశమునకు వ్యాపింపగా, అచట తొడుగునకు మారుగా మొగమునకు తెల్లపూత గల పియెరో జనప్రియుడయ్యెను.

ఈ పాత్రలను బొమ్మలుగా నడిపించినవాడు ఎమీల్ రేనో (1844–1918). 1892 అక్టోబరు 28వ తేదీన, పారిసులోని గ్రెవాఁ మైనపుబొమ్మల ప్రదర్శనశాలలో, 'పాపము పియెరో' యను కథను అతడు తెరపై చూపెను. లూమియేరు సోదరుల ప్రసిద్ధ ప్రదర్శనమునకు ఇది మూడేండ్లు ముందు. సుమారు 36 మీటర్ల పట్టీపై 500 బొమ్మలను రేనో చేతితోనే చిత్రించెను. ప్రియురాలి తోటకు పియెరో పూలగుత్తితో వచ్చి పాట నెత్తుకొనగా, చాటున దాగిన అర్లెకీనో కఱ్ఱతో పొడిచి యతనిని బెదరగొట్టుటయే యిందలి కథ.

ఈ పాత్రలు చిత్రమునకు చక్కగా నమరినవి. వేషము, నడక చూచినంతనే ఎవరెవరో తెలియును గనుక పరిచయవాక్యములతో పనిలేదు. పైగా రేనో పట్టీని చేతితో ముందువెనుకలకు త్రిప్పుచు, ఒకే చేష్టను మరల మరల చూపగలిగెను. కథాక్రమము స్థిరము, ఆట మాత్రము ఆడించువాని చేతిది — పాత మేళముల పద్ధతియే యిది!

1900 వరకు సుమారు అయిదులక్షలమంది ఈ ప్రదర్శనములను చూచిరి. పిమ్మట ఛాయాగ్రహణ చిత్రములు ప్రబలగా రేనోకు ఆదరణ కఱవయ్యెను. 1910 ప్రాంతమున అతడు తన చిత్రపట్టీలలో పెక్కింటిని సేన్ నదిలో పడవేసెను. నేటికి మిగిలినవి రెండే. అందొకటి పియెరో కథ. 2015లో యునెస్కో రేనో కృతులను ప్రపంచస్మృతి పట్టికలో చేర్చినది.

కాగితములేని నటుల మాటలు గాలిలో కలసినవి. నీటబడిన బొమ్మలు తిరిగిరావు. మిగిలిన పత్రమొకటి, పట్టీలు రెండు — వీనివలననే ఆ చరిత్ర మనకు దక్కినది. వస్తువును దాచినవాడు చరిత్రను దాచినవాడే యగును.