ఇంటి సమస్య – నేల చరిత్ర

మన గ్రంథాలయమునకు ఇరువదియైదేండ్లు నిండిన యీ శుభసమయమున, నాకు మిక్కిలి ఆలోచన గొల్పిన యొక పాతగ్రంథమును గూర్చి నాలుగు మాటలు విన్నవించుకొందును. పద్దులు వ్రాసికొను వృత్తివాడనగుటచే నేలలెక్కయు, ఇంటిలెక్కయు నాకు నిత్యవ్యవహారములు.

ఆ గ్రంథకర్త ఫ్రెడరిక్ ఏంగెల్సు. జర్మనీ దేశమున 1820లో నొక మిల్లు యజమానికి జన్మించి, 1842లో తండ్రి వ్యాపారమునకై ఇంగ్లండులోని మాంచెస్టరు నగరమునకు వెళ్లెను. కార్మికుల వాడలను స్వయముగా దిరిగి చూచి, 1845లో వారి స్థితిగతులను గూర్చి పుస్తకము ప్రకటించెను. పెద్దవీధుల కిరువైపుల అంగళ్లు బారులు తీరియుండుటచే వెనుకనున్న యిఱుకు కొంపలు ధనికుల కంట బడవని అందు వ్రాసెను.

1872లో జర్మనీలో నిండ్ల కఱవు ఏర్పడగా, అద్దెదారులను సొంతదారులను జేసిన చాలునని కొందఱు వాదించిరి. ఏంగెల్సు కాదనెను. నగరము పెరిగినకొలది నడుమనున్న నేల వెల హెచ్చును. పేదల యిండ్లు కూలును. వారు వెలుపలికి పోయి మరల అట్టి యిఱుకు గదులలోనే తలదాచుకొందురు. సమస్య తీరదు, చోటు మాత్రము మాఱునని అతని సిద్ధాంతము.

ఇది పరదేశపు గాథ యనుకొనరాదు. మాదాపూరు, కొండాపూరు, గచ్చిబౌలి ఒకప్పుడు హైదరాబాదు వెలుపలి పల్లెలు. బండలును చెరువులును గల తావులు. 1998 నవంబరు 22న ప్రధాని వాజపేయి మాదాపూరున సైబర్ టవర్సు భవనమును ప్రారంభించిరి. 2001లో సైబరాబాదు అభివృద్ధి సంస్థ ఏర్పడెను. 1976 నాటి పట్టణ భూపరిమితి చట్టము 2008లో ఉమ్మడి రాష్ట్రమున రద్దయ్యెను. గజము నేలకు బంగారపు వెల వచ్చెను.

దీనివలన మేలు కలుగలేదనుట అధర్మము. చదువుకొన్న పల్లెబిడ్డలెందఱో అచట కొలువులు చేయుచున్నారు. కాని ఆ మేడలకు ఇటుక మోసిన పాలమూరు కూలీల మాట యేమి? నా మేనల్లుడొకడు అచట నొక భవనమునకు కావలివాడు. రాత్రియెల్ల వందల కాపురములను కాచి, పగలు ఐదుగురితో నొక్క అద్దెగదిలో నిద్రించును. వానిని దలచినపుడెల్ల నాకు భారతములోని మయుడు జ్ఞప్తికి వచ్చును. ఖాండవము కాలుచుండ ప్రాణములతో బయటపడిన యా మయుడే పాండవులకు సభ నిర్మించెను. కట్టినవాడు అందు వసింపలేదు. ఆ యడవిలో గూళ్లు కోల్పోయిన ప్రాణులను సభలో నెవ్వరును దలపలేదు.

ఇట్లు మఱచిపోవుటను అడ్డుకొనునది చరిత్ర. పుచ్చలపల్లి సుందరయ్యగారు (1913–1985) తెలంగాణ రైతాంగ పోరాటమును గూర్చి 1972లో నొక పెద్ద గ్రంథము వెలువరించిరి. వెట్టిచాకిరి, భూముల నుండి రైతులను వెడలగొట్టుట, మూడువేల గ్రామములలో పదిలక్షల యెకరముల పంపకము అందు వర్ణింపబడినవి. వారి రాజకీయము నంగీకరింపనివారును ఆ గ్రంథమును చదువవలెను. ఏలయన, నేల యెవరి చేతినుండి యెవరి చేతికి మాఱెనో తెలియనిదే, ఇల్లు లేనివానికి ఇల్లేల లేదో తెలియదు.

పాత పహాణీలో పట్టాదారు పేరొక గడిలో నుండెడిది, సాగుదారు పేరొక గడిలో నుండెడిది. చరిత్ర చదువుటయనగా ఆ రెండు గడులను కలిపి చదువుటయే. రేపు నగరమునకు పోవు మన యూరి యువకులు, పోకముందు యీ పుస్తకములను గ్రంథాలయమున నడిగి చదువుదురుగాక యని నా ప్రార్థన.